తెర పక్కన నిలబడ్డ కెమెరా

(1910 నాటి డేనిష్ మూకీ చిత్రం 'అఫ్‌గ్రుండెన్' ప్రదర్శన ముగిశాక, ఆదివారం సాయంత్రం చేసిన ప్రసంగం. రికార్డింగు విని రాసుకున్న పాఠం.)

అందరికీ నమస్కారం. నేను మొదలుపెట్టే ముందు, ఇంతసేపూ కీబోర్డు వాయించిన తమ్ముడికి ఇంకోసారి చప్పట్లు కొట్టండి. (చప్పట్లు) మూకీ అన్నామని అది మూగదనుకోకండి. ఆ రోజుల్లో కూడా హాల్లో పియానో ఉండేది, పెద్ద హాలైతే చిన్న వాద్యబృందమే ఉండేది. చప్పుడు లేకుండా సినిమా చూసినవాళ్లు ఆ కాలంలో అరుదు. అదంతా తర్వాత మనం కల్పించుకున్న అపోహ.

ఇంకో అపోహ కూడా వదిలించుకుందాం. పాత సినిమా అనగానే మనకి గుర్తొచ్చేదేమిటి? మనుషులు కోడిపిల్లల్లా టకటకా పరిగెత్తడం, చేతులు గిరగిరా తిప్పడం. ఇవాళ తెరమీద ఎవరైనా అలా పరిగెత్తారా? లేదు కదా. అప్పట్లో కెమెరాని చేత్తో తిప్పేవారు. సెకనుకి పదహారో, పద్దెనిమిదో బొమ్మలు పడేవి. తర్వాత వచ్చిన ప్రొజెక్టర్లు ఇరవై నాలుగు బొమ్మలు లాగుతాయి. పదహారుతో తీసింది ఇరవై నాలుగుతో ఆడిస్తే ఏమవుతుంది? మనిషి ఒకటిన్నర రెట్లు వేగంగా నడుస్తాడు. ఏడుపు కూడా నవ్వులాటలా ఉంటుంది. నేను ఈ సినిమా మొదటిసారి చూసింది అలా పరిగెత్తే కాపీలోనే. 'ఇందులో ఏముంది, అంతా గంతులు' అనుకుని కట్టేశాను. తప్పు సినిమాది కాదు, ఆడించినవాడిది. వేగం సరిచేసిన కాపీ చూడడానికి నాకు చాలా ఏళ్లు పట్టింది.

మనకీ డెన్మార్కుకీ ఏం సంబంధం అని వెనక వరసలో ఒకాయన అనుకుంటున్నారు, మొహం చూస్తే తెలుస్తోంది. (నవ్వులు) ఉందండి. తమిళనాడు తీరంలో తరంగంబాడి రెండు వందల ఏళ్లకు పైగా డేనిష్ వాళ్ల చేతిలో ఉండేది. అక్కడికి డెన్మార్కు రాజు పంపించిన మిషన్ తరఫున వచ్చిన జర్మన్ పాదరీ బెంజమిన్ షుల్జ్, తర్వాత మద్రాసు చేరి తెలుగు నేర్చుకుని, తిరిగి వెళ్లి 1746 ప్రాంతంలో జర్మనీలోని హాలే పట్నంలో తెలుగు పుస్తకాలు అచ్చు వేయించాడు. అచ్చులో మన లిపి కనబడడం అక్కడే మొదలు. కాబట్టి ఇవాళ ఒక గంట డెన్మార్కుకి ఇస్తే మన సొమ్మేం పోదు.

సరే, విషయానికి వద్దాం. ఇవాళ నేను మాట్లాడాలనుకున్నది వేషం గురించి. అబద్ధాన్ని నిజంలా చూపించడం గురించి. సినిమా అంటేనే అది కదా అంటారు. నిజమే. కానీ డెన్మార్కు వాళ్లు ఆ పని మీద ఎంత తొందరగా ఆరితేరారో, ఎంత తొందరగా దాన్నే అనుమానించడం మొదలుపెట్టారో చెప్తేగాని, ఇప్పుడు చూసిన సినిమా గొప్పతనం తెలీదు.

నార్డిస్క్ అని ఒక కంపెనీ. 1906 నవంబరులో కోపెన్‌హేగెన్‌లో పెట్టారు. ఇప్పటికీ ఉంది. భూగోళం మీద నిలబడ్డ తెల్ల ఎలుగుబంటి దాని గుర్తు. పెట్టినాయన ఓలె ఓల్సన్. ఆయన ఏ కళాశాలలోనూ చదువుకోలేదు. తిరునాళ్లలో వింతలు చూపించి టికెట్టు డబ్బులు వసూలు చేసిన మనిషి. జనం దేనికి జేబులో చెయ్యి పెడతారో ఆయనకి బాగా తెలుసు. 1907లో ఆయన 'సింహాల వేట' అని ఓ చిన్న సినిమా తీయించాడు. ఆఫ్రికా అడవి, వేటగాళ్లు, రెండు సింహాలు. అడవి ఎక్కడనుకున్నారు? కోపెన్‌హేగెన్ జంతుప్రదర్శనశాలలో కొంత, రోస్కిల్డె ఫ్యోర్డ్‌లో ఎల్లెయోరె అనే చిన్న దీవి మీద కొంత. సింహాలు హాంబర్గులో జంతువుల వ్యాపారం చేసే హాగెన్‌బెక్ దగ్గర కొన్నవి. జూలోని నీటిగుర్రాన్నీ, చారల గుర్రాలనీ మధ్యలో అతికించి దాన్నే అడవి అన్నారు. అందులో చెట్లూ కొమ్మలూ అబద్ధం, వేటగాళ్లు అబద్ధం. సింహాల చావు మాత్రం నిజం. వాటిని నిజంగానే కాల్చేశారు.

దాని మీద గొడవైంది. న్యాయశాఖ మంత్రి ఆల్బర్తి వద్దని అడ్డుపడ్డాడు. అయినా తీశారు. సినిమాని డెన్మార్కులో ఆపితే ముందు స్వీడన్‌లో వేశారు. ఎంత గొడవైతే అంత ఆడింది, 259 కాపీలు అమ్ముడుపోయాయి. ఇంతకీ ఆ ఆల్బర్తిగారి సంగతి వినండి. సింహాల మీద జాలిపడిన ఆ మంత్రి, మరుసటి ఏడాది, 1908 సెప్టెంబరులో, తనంతట తనే పోలీసుల దగ్గరికెళ్లి లొంగిపోయాడు. తాను నడిపిన రైతుల పొదుపు బ్యాంకు సొమ్ము కోటికి పైగా క్రోనర్లు, అంటే వాళ్ల రూపాయలు, మింగేశాడని తేలింది. ఏళ్ల తరబడి లెక్కలు అందంగా రాసి చూపించాడు. ఆ ఏడాది డెన్మార్కులో అందరికన్నా గొప్ప నటుడు ఆయనే. (నవ్వులు)

నవ్వుతున్నారు గానీ, ఈ సంగతి నేను ఊరికే చెప్పలేదు. పెద్దమనిషి వేషం ఎంత గట్టిగా కట్టచ్చో ఆ దేశం అప్పుడే కళ్లారా చూసింది. 'అఫ్‌గ్రుండెన్' వచ్చింది ఆ తర్వాత రెండేళ్లకి.

ఇంకో చిన్న ముచ్చట. 1910లో ఆర్హుస్ పట్నంలో ఫోటోరామా అనే కంపెనీ 'తెల్లవాళ్ల బానిస వ్యాపారం' అన్న అర్థం వచ్చే పేరుతో, ఆడపిల్లల్ని మోసగించి వ్యభిచారానికి అమ్మేయడం గురించి, ఓ పెద్ద సినిమా తీసింది. అది బాగా ఆడింది. నార్డిస్క్ ఏం చేసిందంటే, కొన్ని నెలలు తిరక్కుండానే అదే పేరుతో, అదే కథతో, దాదాపు ఒక్కో దృశ్యాన్నీ అలాగే మళ్లీ తీసి వదిలింది. రీమేకు కాదండి, హక్కులు కొనలేదు, నకలు. ఆ మొదటి సినిమా తీసినాయన ఆల్ఫ్రెడ్ లిండ్. ఆ పేరు గుర్తుంచుకోండి, ఇవాళ మీరు చూసిన సినిమాకి కెమెరా ఆయనదే.

'అఫ్‌గ్రుండెన్' అంటే అగాధం. తీసింది నార్డిస్క్ కాదు. కోస్మోరామా అని కోపెన్‌హేగెన్‌లో ఓ సినిమా హాలు ఉండేది. దాన్ని నడిపే యాల్మార్ డేవిడ్సన్ పెట్టుబడి పెట్టాడు. మొత్తం ఖర్చు ఎనిమిది వేల క్రోనర్లు. రచన, దర్శకత్వం ఉర్బన్ గాడ్. 1910 సెప్టెంబరు 12న అదే కోస్మోరామాలో విడుదలైంది. అందులో మాగ్దా వేషం వేసిన ఆస్తా నీల్సన్‌కి ముందురోజే ఇరవై తొమ్మిదేళ్లు నిండాయి.

ఆమె పేదింట్లో పుట్టింది. నాటకశాలలో నటి. అయితే పెద్ద వేషాలు రావడంలేదు. గాడ్ కూడా నాటకాల మనిషే. ఇద్దరూ కలిసి ఈ సినిమా ఎందుకు తీశారంటే, సినిమాల్లో పైకి రావాలని కాదు. ఇది చూసి నాటక కంపెనీల వాళ్లు 'ఈవిడలో విషయం ఉంది' అని గుర్తించి మంచి వేషాలిస్తారేమోనని! అంటే ఈ సినిమా ఒక దరఖాస్తు. దరఖాస్తు పెట్టిన చోట ఉద్యోగం రాలేదు. 1911లో జర్మనీ వాళ్లు పిలుచుకుపోయారు. కొద్ది ఏళ్లలో యూరపంతా ఆమె బొమ్మ తెలియని ఊరు లేదు. తరవాత గాడ్‌ని పెళ్లి చేసుకుంది, కొన్నాళ్లకి విడిపోయింది. అది వేరే కథ.

ఇప్పుడు కథలోకి వెళ్దాం. మాగ్దా పియానో పాఠాలు చెప్పుకునే అమ్మాయి. ట్రాము దగ్గర క్నూద్ అనే ఇంజినీరుతో పరిచయమవుతుంది. మంచివాడు. పాస్టరుగారబ్బాయి. వేసవికి మా ఊరు రా, అమ్మానాన్నలకి చూపిస్తానంటాడు. వెళ్తుంది. ఆదివారం పొద్దున అందరూ చర్చికి బయల్దేరతారు. మాగ్దా రానంటుంది. ఆ ఊళ్లోకి సర్కస్ వచ్చింది, ఆమె మనసు అటు ఉంది.

నాకు ఈ సినిమాలో అన్నిటికన్నా ఇష్టమైనది ఆ పాస్టరుగారి ఇల్లు. అక్కడ ఎవరూ చెడ్డవాళ్లు కాదు, గమనించారా? అత్తగారు కాబోయే ఆవిడ ఏ మాటా అనదు. మామగారు కాబోయే ఆయన కళ్లెర్రజేయడు. కానీ ఆ ఇంట్లో అడుగుపెట్టిన క్షణం నుంచీ మాగ్దా ఒంట్లో ఒక బిగువు వస్తుంది. ఎక్కడ కూర్చోవాలో, ఎంత నవ్వాలో చూసుకుని నవ్వడం. పెళ్లిచూపుల్లో కూర్చున్న ఆడపిల్ల ఎవరైనా ఉంటే ఇక్కడ నేను చెప్పక్కర్లేదు. (నవ్వులు) ఆవిడ నటిస్తోంది. నటి నటించడం కాదు, ఆ పాత్రే నటిస్తోంది. ఆ తేడా చూపించడం చాలా కష్టం. ఆస్తా ఎలా చూపించింది? ఏమీ చేయకుండా. చేతులు కదపడం తగ్గించేసింది, అంతే.

అదే సర్కస్ వాడు రుడాల్ఫ్ చూడండి. వాడు ఒళ్లంతా వేషమే. పెద్ద టోపీ, బిగుతు బట్టలు. వాడు మోసగాడని మొహాన రాసి ఉంటుంది. వాడు ఎవరినీ నమ్మించడానికి ప్రయత్నించడు కూడా. మాగ్దా వాడి వెంట పోతుంది. రాత్రికి రాత్రి, గుర్రం మీద. ఎందుకు పోయింది అని విమర్శకులు కామం అని రాశారు, పతనం అని రాశారు. కావచ్చు. నాకు మాత్రం వేరేలా తోస్తుంది. మర్యాద అనే వేషం చాలా బరువు. పైగా ఎప్పటికీ విప్పకూడదు. సర్కస్ వేషం పూటకి విప్పేయచ్చు. ఆ పిల్ల తేలికైన వేషం ఎంచుకుందని నేననుకుంటాను. మీరు ఒప్పుకోనక్కర్లేదు.

ఇక ఆ నాట్యం. అందరూ దాని కోసమే వచ్చారని నాకు తెలుసు, నిర్వాహకులు కరపత్రంలో ఆ బొమ్మే వేశారు. (నవ్వులు) గౌచో అంటే దక్షిణ అమెరికా పశువుల కాపరి. గౌచో వేషంలో రుడాల్ఫ్ నిలబడతాడు. నల్లటి బిగుతు గౌనులో మాగ్దా తాడుతో వాణ్ని కట్టేస్తుంది. కట్టేసి, వాడు కదల్లేకుండా ఉంటే, వాడి చుట్టూ, వాడికి ఒళ్లు రాసుకుంటూ ఆడుతుంది. నూట పదేళ్లు దాటినా ఇవాళ హాల్లో ఎవరూ దగ్గలేదు, నేను విన్నాను. చాలా దేశాల సెన్సారు వాళ్లకి అది మింగుడుపడలేదు. ఆ సంగతి అందరికీ తెలిసిందే.

ఎక్కువమంది పట్టించుకోనిది ఏమిటంటే, ఆ దృశ్యంలో కెమెరా ఎక్కడుందో. గుర్తు తెచ్చుకోండి. ఆ రోజుల్లో సినిమా కెమెరా నాటకం చూసే ప్రేక్షకుడిలా ఎదురుగా, మధ్యలో నిలబడేది. డబ్బెక్కువ పెట్టి కొన్న కుర్చీ అది. మరి ఇక్కడ? ఆ నాట్యం జరుగుతున్నది ఓ నాటకశాలలో, టికెట్టు కొన్న జనం ముందు. కానీ ఆ జనం కూర్చున్న చోట మనం లేం. కెమెరా పక్కన, సైడ్ వింగులో నిలబడింది. తన వంతు కోసం వేషం కట్టుకుని ఎదురుచూసే నటుడు నిలబడే చోటు అది. టికెట్టు కొన్నవాడికి మాగ్దా అందంగా కనబడి ఉంటుంది. మనకి ఆమె ఆడుతూ ఉండడం కనబడుతుంది. వాళ్లు చూసింది నాట్యం, మనం చూసింది పని.

కోత లేకుండా, కెమెరా కదలకుండా, ఒకే దమ్ములో సాగుతుందది. తాడు వేసే చోట పొరపాటు జరిగినా దాచడానికి వీల్లేదు. అందుకే, అది నటన అని మనకి పూర్తిగా తెలిసినా, నటన అనిపించదు.

ఆ తాడు సంగతి కూడా చూడండి. వేదిక మీద ఆమె వాణ్ని కట్టేసింది. వింగు దాటి లోపలికొస్తే కట్టేసి ఉన్నది ఎవరు? ఆమె. వాడు ఇంకో నాట్యగత్తెతో సరసాలాడతాడు, ఈమె తట్టుకోలేక కలబడుతుంది. ఆ కలబడడం కూడా నాటకశాలలోనే, వేషాలతోనే. ఆఖరికి ఇద్దర్నీ గెంటేస్తారు. అంటే వేదిక మీద చూపించింది ఎంత అబద్ధమో, వేదిక పక్కన అంత నిజం. ఆ రెండింటి మధ్య దూరం మూడు నాలుగు అడుగులు. కెమెరా ఆ మూడు అడుగుల్లోనే నిలబడి ఉంది. గాడ్ దాన్ని ఆలోచించే అక్కడ పెట్టాడా, చోటు లేక పెట్టాడా అని ఒక మిత్రుడు వాదిస్తాడు. చోటు లేకే పెట్టి ఉండచ్చు. ఎనిమిది వేల క్రోనర్ల సినిమాలో నిండు హాలుని చూపించడం ఖరీదైన పని. అయితే నాకేం ఇబ్బంది లేదు. చోటు లేక దొరికిన చూపు కూడా చూపే.

(సభలోంచి ఒకరు: ఆ సర్కస్ వాడు నిజంగా సర్కస్ వాడేనాండి?) కాదండి! మంచి ప్రశ్న. ఆయన పౌల్ ర్యూమర్ట్. తరవాత డెన్మార్కు రాజాస్థాన నాటకశాలలో మహానటుడు. 1920లలో పారిస్ వెళ్లి, ఫ్రెంచివాళ్ల సొంత నాటకశాలలో, వాళ్ల భాషలోనే, మోలియేర్ రాసిన తార్త్యూఫ్ వేషం వేసి మెప్పించాడు. తార్త్యూఫ్ ఎవరు? భక్తుడి వేషం వేసి ఇల్లు దోచుకునే దొంగ. పాస్టరుగారింటి నుంచి పిల్లని ఎత్తుకుపోయినవాడు ఆఖరికి దొంగభక్తుడై పేరు తెచ్చుకున్నాడన్నమాట. (నవ్వులు)

మంచబ్బాయి క్నూద్ వేసినాయన రాబర్ట్ డినెసెన్. ఆయన కథ ఇంకా తమాషా. దర్శకుడయ్యాడు. 1917లో నార్డిస్క్‌కి 'మహారాజుగారి ముద్దుల భార్య' అనే సినిమా తీశాడు. మహారాజు మన దేశం వాడే. వేసింది గున్నర్ తోల్నెస్ అనే నార్వే నటుడు. తలపాగా, నగలు, అంతఃపురం, ఆయన్ని ప్రేమించి వెంట వెళ్లే తెల్లమ్మాయి. హిందూదేశం మొత్తం డెన్మార్కులోనే తయారైంది, పదేళ్ల కిందట ఆఫ్రికా తయారైనట్టే. అది విపరీతంగా ఆడింది, రెండో భాగం కూడా తీశారు. నేను చూసినప్పుడు కోపం రాలేదు, నవ్వొచ్చింది. మన పాత సినిమాల్లో దొరల వేషాలు మాత్రం ఏమంత నిజం? మైదాపిండి మొహాలు, 'టుమ్ హమారా' భాష. లెక్క సరిపోయింది.

'అఫ్‌గ్రుండెన్' తర్వాత ఏడేళ్లకి వచ్చిన 'క్లోవ్నెన్' గురించి ఒక్క నిమిషం. విదూషకుడు అని అర్థం. ఏ.డబ్ల్యు. సాండ్‌బెర్గ్ తీశాడు. సర్కస్ జోకరు, అతని భార్య, మధ్యలో ఒక జమీందారు. మొహానికి రంగు, లోపల ఏడుపు అనే పాత పాటే, దాని జోలికి నేను పోను. అందులో ఒక అద్దం ఉంది, దాని కోసం చూడండి. భార్యా ఆ జమీందారూ ఒకరినొకరు ముద్దుపెట్టుకోవడం అతను అద్దంలో చూస్తాడు. ఎదురుగా చూడడు, అద్దంలో చూస్తాడు. డేనిష్ వాళ్లకి అద్దాల పిచ్చి. చిన్న గదిలో కెమెరాకి అందని మూలని అద్దం పట్టి చూపించేవారు. పొదుపుకి పొదుపు, మర్మానికి మర్మం. జోకరు వేసిన వాల్డెమార్ సిలాండర్ ఆ కాలంలో నార్డిస్క్‌కి అందరికన్నా పెద్ద తార. ఆ సినిమా విడుదలయ్యేనాటికి ఆయన లేడు. 1917 మార్చిలో పోయాడు, ముప్పై రెండేళ్లకి. మొదటిరోజు హాల్లో కూర్చున్న జనానికి ఆ తెల్లరంగు మొహం ఎలా కనబడి ఉంటుందో నేను చాలాసార్లు ఊహించుకున్నాను.

ఆస్తా నీల్సన్ తరవాత జర్మనీలో సొంత కంపెనీ పెట్టుకుని 'హామ్లెట్' తీసింది, 1921లో వచ్చింది. హామ్లెట్ అంటే షేక్స్‌పియర్ నాటకంలో పిచ్చివాడిలా నటించే రాకుమారుడు. ఆ వేషం ఎవరిది? ఆమెదే. మగవేషంలో ఆడనటి అనుకునేరు, కాదు. ఆ సినిమాలో హామ్లెట్ నిజానికి ఆడపిల్ల. సింహాసనం పోకూడదని పుట్టినప్పటినుంచీ మగపిల్లాడని చెప్పి పెంచారు. ఇప్పుడు లెక్కపెట్టండి. ఒక నటి, ఆడపిల్లగా నటిస్తోంది, ఆ ఆడపిల్ల మగవాడిగా నటిస్తోంది, ఆ మగవాడు పిచ్చివాడిగా నటిస్తున్నాడు. పొర మీద పొర, ఉల్లిపాయలాగా. ఇంత మోసినా ఆమె మొహంలో కంగారుండదు. ఆ ధైర్యం పదకొండేళ్ల ముందు, ఆ పాస్టరుగారి ఇంట్లో చేతులు ముడుచుకుని కూర్చున్నప్పుడే వచ్చిందని నా నమ్మకం.

టైమైపోతోందని చెయ్యి చూపిస్తున్నారు. అయిపోయింది, ఒక్క ఐదు నిమిషాలు.

చివరి దృశ్యం. మాగ్దా ఒక తోట హోటల్లో పియానో వాయించి బతుకుతోంది. మొదట్లో పియానో నేర్పేది, ఇప్పుడు తింటూ తాగుతూ ఉన్నవాళ్ల కోసం వాయిస్తోంది. ఎవరూ వినరు. క్నూద్ అక్కడికొచ్చి ఆమెని చూస్తాడు, కలవాలనుకుంటాడు. రుడాల్ఫ్ వచ్చిపడతాడు, చెయ్యి చేసుకుంటాడు. ఆమె చేతికందిన కత్తితో పొడిచేస్తుంది. పొడిచాక వాడి శవాన్నే పట్టుకుని వేలాడుతుంది, విడిపించుకోవడం పోలీసులకి కష్టమవుతుంది.

ఆ కాలపు నటి ఎవరైనా అక్కడ ఏం చేసేదంటే, జుట్టు పీక్కునేది, ఆకాశానికి చేతులెత్తేది, గుండెలు బాదుకునేది. రంగస్థలం మీద చివరి వరస వాడికి కూడా కనబడాలి కదా, అది అలవాటు. ఆస్తా అవన్నీ శవం మీద పడినప్పుడే వాడేసింది. పోలీసులు నడిపించుకుంటూ తీసుకొస్తుంటే, మెట్ల మీదుగా మన వైపుకి దిగి వస్తుంటే, ఆమె ఏమీ చేయదు. క్నూద్ అక్కడే ఉన్నాడు, చూడదు. మొహంలో ఏడుపు లేదు, పశ్చాత్తాపం లేదు. ఇప్పటిదాకా ఆమెని చూసేవాళ్లు ఎప్పుడూ ఎవరో ఒకరున్నారు. పాస్టరుగారు, సర్కస్ జనం, నాటకశాల జనం, హోటల్ జనం. వాళ్లని బట్టి ఒక్కో వేషం కట్టింది. ఇక్కడా చుట్టూ జనమున్నారు. కానీ వీళ్ల కోసం కట్టడానికి ఆమె దగ్గర ఇంకో వేషం మిగల్లేదు.

తమ్ముడూ, ఆ ఆఖరి రెండు నిమిషాలు మళ్లీ వెయ్యగలవా? కీబోర్డు వద్దు, ఈసారి ఊరుకో. లైట్లు తీసెయ్యండి. అందరూ మొహం వైపు చూస్తారు, నాకు తెలుసు. ఈసారి చేతులు చూడండి. పియానో మీద ఉన్న చేతులు, తాడు వేసిన చేతులు, కత్తి పట్టిన చేతులు. మెట్లు దిగేటప్పుడు అవి ఎలా వేలాడుతున్నాయో చూసి చెప్పండి.